ఆటకు వెలుపలి అమరిక

కృష్ణా డెల్టాలో పుట్టి పెరిగినవారికి ఒక సంగతి విడమరచి చెప్పనక్కరలేదు. పైరు చేనిలో పండుతుంది గాని, దాని బాగోగులు చాలావరకు చేనికి వెలుపలనే నిర్ణయమైపోతాయి. 1855లో బెజవాడవద్ద ఆనకట్ట పూర్తియైననాటినుండి, 1957లో దాని స్థానమున ప్రకాశం బ్యారేజి వెలసిన పిమ్మట కూడ, నీరు తలతూము దాటి ప్రధాన కాలువలోనికి, అక్కడినుండి పంటకాలువలోనికి, చివరకు బోదెలోనికి దిగివస్తున్నది. తూము తలుపు ఎంత ఎత్తవలెనో నిర్ణయించేది చేనిలో నిలిచిన రైతు కాదు. తలుపు నాలుగు అంగుళాలు దిగినప్పుడు కాలువ మొదటనున్న పొలాలకు ఆ తేడా తెలియదు. శివారు ఆయకట్టువారికి మాత్రము అది వెంటనే తెలుస్తుంది.

కంప్యూటరుమీద, సెల్‌ఫోనుమీద పిల్లలు ఆడుకొనే వీడియో ఆటలకు కూడ ఇటువంటి తూము ఒకటి ఉన్నది. ఆటను తెరువకముందే, ఆటకు వెలుపలనుండి, అది ఏ తీరున ఆరంభము కావలెనో, తెరమీద బొమ్మలను ఎంత నాణ్యముగా గీయవలెనో నిర్ణయించే అమరిక అది. పక్కన కూర్చుండి ఆట చూచేవారి దృష్టికి అది రాదు. ఖరీదైన యంత్రము ఉన్నవారికి దాని అవసరము కూడ అంతగా తోచదు. పాత యంత్రముతో, చవుక ఫోనుతో సరిపెట్టుకొనే ఇండ్లలో మాత్రము ఆట సాగుటయా, నిలిచిపోవుటయా అన్నది ఆ అమరికమీదనే ఆధారపడి ఉంటుంది. నాలుగున్నర దశాబ్దాలకు పైబడిన కాలములో ఈ తూము తలుపు ఎవరెవరి చేతులలోనికి మారినదో తెలుసుకొనుటయే ఈ ప్రసంగముయొక్క ఉద్దేశము.

ముందుగా ఈ బొమ్మల సంగతి కొంత చెప్పుకొనవలె. సినిమాలో కనిపించే బొమ్మ మునుపే తీసిపెట్టినది. ప్రొజెక్టరు దానిని చూపితే చాలును. వీడియో ఆటలో ఆటగాడు ఎటు తిరుగుతాడో ముందుగా ఎవరికీ తెలియదు. కనుక గోడ, చెట్టు, నీడ, పొగ, ఇవన్నీ యంత్రము అప్పటికప్పుడు లెక్కకట్టి గీయవలసినవే. సెకనుకు 60 బొమ్మలు గీయవలెనంటే ఒక్కొక్కదానికి దొరికే వ్యవధి సెకనులో 60వ వంతు. నేడు సామాన్యముగా కనిపించే తెరలో అడ్డముగా 1,920, నిలువుగా 1,080 చుక్కలు ఉంటాయి; అంటే ఒక్క బొమ్మకు 20 లక్షల 73 వేల 600 చుక్కలు. అదే ఆటను 1,280కి 720 చుక్కలలో గీయమని చెప్పితే లెక్క 9 లక్షల 21 వేల 600కు దిగుతుంది. చుక్కల లెక్కన పని సగముకన్న తక్కువైనది. బొమ్మ కొంచెము మొద్దుబారుతుంది గాని ఆట సాఫీగా నడుస్తుంది. నీడల నాణ్యము తగ్గించుట, దూరపు చెట్లను గీయకుండుట, సెకనుకు గీసే బొమ్మల సంఖ్యకు హద్దు పెట్టుట, ఇవన్నీ ఇటువంటి ఉపాయములే.

ఇందుకు ఆటలోపలనే ఒక పట్టిక ఉంటుంది గదా, వెలుపల ఈ తిప్పలెందుకని కొందరు అడుగవచ్చును. ఆట తెరుచుకొంటేనే గదా ఆ పట్టిక కనిపించేది! యంత్రము శక్తికి మించిన అమరికతో ఆరంభమై, తెర నల్లబడి నిలిచిపోయిన ఆటలో పట్టికను వెదకుట ఎట్లా? ఇంటికి తాళము వేసి తాళపుచెవి లోపల మరచినట్లే అవుతుంది. అందుచేత ఆరంభములోనే ఆటకు ఒక మాట చెప్పి పంపుటకో, ఆట చదువుకొనే ఫైలును ముందుగానే దిద్దుటకో వెలుపల ఒక దారి ఉండి తీరవలె.

ఈ దారి మొదట ఆటగాని చేతిలో లేదు. నాణెము వేసి ఆడే పెద్ద పెట్టెల కాలమది. జపానులో టైటో సంస్థ 1978లో స్పేస్ ఇన్వేడర్స్ అనే ఆటను, నామ్కో సంస్థ 1980లో ప్యాక్‌మ్యాన్ అనే ఆటను విడుదల చేసినవి. ఆ పెట్టెల లోపల, విద్యుత్ వలయముల పలకమీద, వేలిగోటితో కదల్చదగిన చిన్న చిన్న స్విచ్చులు వరుసగా ఉండేవి. ప్యాక్‌మ్యాన్ ఆటలో ఒక్క ఆటకు ఎన్ని ప్రాణాలు ఇవ్వవలెనో, అంటే ఒకటా, రెండా, మూడా, అయిదా అన్నది ఆ స్విచ్చులే నిర్ణయించేవి. అదనపు ప్రాణము 10,000 పాయింట్లకు ఇవ్వవలెనా, 15,000కా, 20,000కా, లేక అసలు ఇవ్వనే కూడదా అన్నది కూడ వాటి పనియే. పెట్టె తాళపుచెవి దుకాణము యజమానివద్ద ఉండేది. పిల్లవాడు ఆడుతున్నది ఉదారమైన ఆటయో, పిసినారి ఆటయో ఆ యజమాని లాభనష్టములనుబట్టి ఉండేది. తయారు చేసినవాడు ఒకడు, అమర్చినవాడు వేరొకడు, ఆడేవాడు మూడవవాడు. వెలుపలి అమరిక చరిత్రలో మొదటి అధ్యాయము ఇది.

రెండవ అధ్యాయము 1981 ఆగస్టులో ఐ.బి.ఎం. సంస్థ తన పర్సనల్ కంప్యూటరును విపణిలోనికి తెచ్చుటతో ప్రారంభమైనది. ఇక్కడ పెట్టెకు తాళము లేదు. కొన్నవాడే యజమాని, అతడే ఆటగాడు.

రేడియో ఉన్న ఇండ్లవారికి ఈ ఏర్పాటు వింతగా తోచనక్కరలేదు. 1948 డిసెంబరు 1న విజయవాడ కేంద్రము ప్రసారములు ప్రారంభించిననాడు పాట కేంద్రమువారిది. ఆ పాట గరగర లేకుండ వినిపించవలెనంటే ఏరియలు కట్టుకొనుట, ఎర్తు తీగ దింపుట, ముల్లును సరియైన స్థానమునకు త్రిప్పుట ఇంటివారి పని. గాయకుని స్వరమును ఇంటివారు మార్చలేదు. తమ ఇంటికి, తమ పెట్టెకు తగినట్లు దానిని అందుకొన్నారు. ఆటకు వెలుపలి అమరిక కూడ సరిగా ఇటువంటిదే. ఆటలోని కథ, నియమములు చేసినవారివి. అది ఈ ఇంటి యంత్రముమీద ఎట్లా నడవవలెనన్నది ఇంటివారిది.

తొలినాళ్ళలో ఈ స్వాతంత్ర్యము బరువుగానే ఉండెడిది. ఐ.బి.ఎం. తొలి యంత్రము సెకనుకు 47 లక్షల 70 వేల స్పందనల వేగముతో పనిచేసేది. ఆనాటి ఆటలు కొన్ని గడియారమును చూచుకొనకుండ, ఆ యంత్రపు వేగమునే నమ్ముకొని వ్రాసినవి. తరువాత వేగవంతమైన యంత్రములు వచ్చేసరికి ఆ ఆటలు కన్ను మూసి తెరిచేలోపల ముగిసిపోనారంభించినవి. దీనికి విరుగుడుగా తయారీదారులు పెట్టె ముందు భాగమున 'టర్బో' అనే మీటను అమర్చినారు. పేరునుబట్టి అది వేగమును పెంచేదని అందరూ అనుకొనేవారు. నిజమునకు దాని ప్రయోజనము వేగమును తగ్గించుటలోనే ఉన్నది. పాత ఆట ఆడవలెనన్నప్పుడు ఆ మీటతో యంత్రమును నెమ్మది చేసేవారు. ఆటలో ఒక్క అక్షరము మార్చకుండ, ఆటకు వెలుపలనుండి దానిని దారికి తెచ్చుటకు ఇంతకంటె సులభమైన ఉదాహరణ దొరకదు.

జ్ఞాపకశక్తి సమస్య ఇంకను జటిలమైనది. డాస్ అనే నిర్వాహక వ్యవస్థలో ప్రోగ్రాములకు నేరుగా దక్కే జ్ఞాపకస్థలము 640 కిలోబైట్లు మాత్రమే. మౌసు నడిపే ప్రోగ్రాము కొంత, సి.డి. చదివే ప్రోగ్రాము కొంత దానిలోనే తినివేసేవి. మిగిలిన స్థలము చాలకపోతే ఆట ఆరంభమే కాదు. కాన్ఫిగ్ డాట్ సిస్, ఆటోఎగ్జెక్ డాట్ బ్యాట్ అనే రెండు ఫైళ్ళలో ఏ వరుస ఉంచవలెనో, ఏది తీసివేయవలెనో తెలిసినవాడు ఆనాడు వాడలో వైద్యునివంటివాడు. ఒక్కొక్క ఆటకు ఒక్కొక్క ఫ్లాపీ తయారు చేసుకొని, ఆ ఆట ఆడవలెనన్నప్పుడు యంత్రమును ఆ ఫ్లాపీతోనే ప్రారంభించేవారు ఉండేవారు. 1991లో వచ్చిన డాస్ అయిదవ కూర్పు తన శరీరములో కొంత భాగమును 640 కిలోబైట్ల హద్దుకు వెలుపల పెట్టుకొనే సదుపాయము కలిగించినది. 1993లో వచ్చిన ఆరవ కూర్పు, యంత్రము ప్రారంభమయ్యేటప్పుడే ఏ అమరిక కావలెనని అడిగే పట్టికను ఇచ్చినది.

శబ్దము సంగతియు అంతే. సింగపూరుకు చెందిన క్రియేటివ్ సంస్థ 1989లో సౌండ్ బ్లాస్టరు అనే కార్డును తెచ్చినది. ఆ కార్డు ఏ చిరునామాలో ఉన్నదో, యంత్రమును పిలిచే గంట సంఖ్య ఎంతో ఆటకు వెలుపలనే తెలుపవలె. 220 అన్న సంఖ్య ఆ తరము ఆటగాండ్రకు ఇంటి నంబరువలె కంఠస్థము. సంఖ్య తప్పితే ఆట మూగపోయేది, లేదా మొదటి శబ్దము వద్దనే బిగుసుకొనిపోయేది.

ఆరంభపు మాట అన్నదానికి మన దేశములో ఎక్కువమందికి తెలిసిన ఉదాహరణ ప్రిన్స్ ఆఫ్ పర్షియా. జోర్డాన్ మెక్నర్ 1989లో రచించిన ఆట ఇది. డాస్ యంత్రములకు వచ్చిన తొలి కూర్పులో ఆట పేరు కొట్టి, కొంచెము ఖాళీ విడిచి, 'మెగాహిట్' అని చేర్చి ఆరంభిస్తే ఆటగానికి రహస్య సదుపాయములు కొన్ని లభించేవి. ఆట పేరు తరువాత చేర్చే మాట ఆట నడకనే మార్చగలదని ఎందరో పిల్లలు మొదట తెలుసుకొన్నది దీనివల్లనే. 1993 డిసెంబరు 10న విడుదలైన డూమ్ ఆ పద్ధతిని శాస్త్రముగా మలచినది. శబ్దము వద్దన్నా, ఫలానా ఘట్టమునుండి మొదలు పెట్టమన్నా ఆరంభములోనే చెప్పవచ్చును. తెరమీద బొమ్మ ఎంత మేర ఆక్రమించవలె, ఎంత సూక్ష్మముగా ఉండవలె అన్న నిర్ణయములు డిఫాల్ట్ డాట్ సి.ఎఫ్.జి. అనే ఫైలులో సామాన్యమైన అక్షరాలలో వ్రాసి ఉండేవి. ఎవరైనను తెరచి చదువవచ్చును, దిద్దవచ్చును. ఈ చివరి వాక్యములోనే ఆ కాలముయొక్క గొప్పతనము ఉన్నది.

దాదాపు అదే కాలమున మన దేశములో జరిగిన ఒక ప్రయత్నము ఇక్కడ స్మరింపదగినది. కాన్పూరు ఐ.ఐ.టి.లో ప్రారంభమై, 1988లో ఏర్పడిన సి-డాక్ సంస్థలో వృద్ధిపొందిన జిస్ట్ కార్డు, ఇంగ్లీషుకొరకు వ్రాసిన డాస్ ప్రోగ్రాములను మార్చకుండనే వాటిచేత తెలుగు మొదలైన భారతీయ లిపులను తెరమీద చూపించినది. అది ఆటలకొరకు పుట్టినది కాదు. అయినను లోపలి ప్రోగ్రామును ముట్టకుండ, వెలుపలనుండి దాని చూపును మన అవసరమునకు త్రిప్పుకొనుట అన్న సూత్రము రెండింటికిని ఒక్కటే.

విజయవాడ పరిసరములలో కంప్యూటరు ఇంటిలోనికి వచ్చినది ప్రధానముగా చదువు నెపముతోనే. కానూరులో సిద్ధార్థ ఇంజనీరింగు కళాశాల 1977లో స్థాపితమైనది. తరువాతి దశాబ్దాలలో డెల్టా అంతట ఇంజనీరింగు చదువు విస్తరించినది. చదువుకొరకు కొన్న యంత్రమును నాలుగేండ్ల తరువాత తమ్ముడో చెల్లెలో వాడుకొనుట మధ్యతరగతి ఇండ్లలో సర్వసాధారణము. యంత్రము పాతబడుతున్నది, ఆటలు కొత్తవి వస్తున్నవి. ఈ రెండింటి మధ్య దూరమును పూడ్చినది వెలుపలి అమరికయే. ఆ ఫైళ్ళలోని మాటలన్నియు ఇంగ్లీషు. 'ట్రూ' అంటే ఉన్నది, 'ఫాల్స్' అంటే లేదు, సున్న అంటే ఆపుట, ఒకటి అంటే నడుపుట, ఈ నాలుగు మాటల భాషను ఏ ఉపాధ్యాయుడూ చెప్పకుండనే పిల్లలు నేర్చుకొన్నారు. ప్రోగ్రాములు వ్రాయుట తరువాత వృత్తిగా చేపట్టినవారిలో కొందరికి ఇదియే ఓనమాలు.

1995 ఆగస్టు 24న మైక్రోసాఫ్ట్ సంస్థ విండోస్ 95ను విడుదల చేసినది. అంతకు ముందటి సంవత్సరము క్రిస్మసునాడు జరిగిన ఒక ఉదంతము దీనికి నేపథ్యము. డిస్నీ సంస్థవారి లయన్ కింగ్ ఆటను అమెరికాలో ఎందరో తల్లిదండ్రులు పిల్లలకు కానుకగా కొన్నారు. కాంపాక్ ప్రెసారియో యంత్రములు కొన్నింటిలో ఉన్న చిత్రపు డ్రైవరుకు, ఆ ఆట ఆధారపడిన వింగ్ అనే సాధనమునకు పొత్తు కుదరలేదు. పండుగపూట ఆట తెరుచుకొనక పిల్లలు నిరాశపడినారు. ఆటకు యంత్రమునకు నడుమ నమ్మదగిన మధ్యవర్తి ఉండవలెనన్న వాదము దీనితో బలపడినది. 1995 సెప్టెంబరులో వెలువడిన డైరెక్ట్ ఎక్స్ ఆ మధ్యవర్తి. 220 వంటి సంఖ్యలు కంఠస్థము చేసే బాధ క్రమముగా తీరినది. కాని వెలుపలి అమరిక అంతరించలేదు, స్థలము మార్చుకొన్నది. చిత్రములు గీయుటకు ప్రత్యేకమైన కార్డులు 1996 ప్రాంతమున గృహోపయోగములోనికి వచ్చినవి. వాటి తయారీదారులు తమ డ్రైవరుతోపాటు ఒక నియంత్రణ పట్టికను కూడ ఇచ్చినారు. అంచుల గరుకును నునుపు చేయుట, బొమ్మలను తెర వేగముతో జతపరచుట వంటివి ఆట అడుగకపోయినను ఆ పట్టికనుండి విధింపవచ్చును.

బెజవాడ వేసవిలో ఈ పట్టికకు ఒక విశేష ప్రయోజనము ఉన్నది. ఎండ 45 డిగ్రీలను సమీపించే రోజులలో, పంకా తప్ప వేరు చల్లదనము లేని గదిలో, సెకనుకు వీలైనన్ని బొమ్మలు గీయుమని వదలిన కార్డు కొలిమివలె కాగుతుంది. కాగిన యంత్రము తన్ను తాను కాపాడుకొనుటకు వేగము తగ్గించుకొంటుంది, లేదా ఆగిపోతుంది. బొమ్మల సంఖ్యకు 60 వద్దనో, 30 వద్దనో హద్దు కట్టితే వేడిమి తగ్గుతుంది, విద్యుత్తు మిగులుతుంది, ఆట నడక స్థిరముగా ఉంటుంది. శీతల దేశములలో కూర్చుండి ఆటను రూపొందించినవారికి ఈ గది స్ఫురించి ఉండదు. దానిని ఎరిగినవాడు ఆ గదిలో ఉన్నవాడే.

2000 ప్రాంతమున పట్టణములలో నెట్ సెంటర్లు వెలసినవి. గంటకింతయని చెల్లించి ఆడే ఆ గదులలో కౌంటర్ స్ట్రైక్ రాజ్యమేలినది. 1998లో వచ్చిన హాఫ్ లైఫ్ అనే ఆటకు అనుబంధముగా 1999లో పుట్టి, 2000 నవంబరులో స్వతంత్రముగా విక్రయమునకు వచ్చిన ఆట ఇది. తెరమీది గుర్తును కుడిమీటతో నొక్కి, దాని వివరముల పెట్టెలో, ఆట పేరు తరువాత వెడల్పు 640, ఎత్తు 480 అని చేర్చితే, చిత్రపు కార్డు లేని యంత్రమున కూడ అది నడిచేది. వాల్వ్ సంస్థ 2003 సెప్టెంబరు 12న ఆరంభించిన స్టీమ్ ఈ ఆరంభపు మాటలకు ప్రత్యేకముగా ఒక గడిని కేటాయించినది. ప్రతి ఆట వివరములలోను ఆ గడి నేటికిని ఉన్నది.

అయితే ఈ స్వాతంత్ర్యమునకు వెలుగుతోపాటు నీడయు ఉన్నది. 1999లో వచ్చిన మూడవ క్వేక్ ఆటలో గోడల మీది చిత్రవిచిత్రములను చెరిపివేసి నున్నని రంగులుగా చూపే అమరిక ఒకటి ఉండేది. నిదానమైన యంత్రములకు ఉపకరించేది అది. పోటీలలో ఆడే నిపుణులు శక్తిమంతమైన యంత్రములమీద కూడ దానినే వాడినారు. గోడలు నున్ననైతే ప్రత్యర్థి స్పష్టముగా కనిపిస్తాడు గదా! పేదవానికి ఊతకర్రగా ఉద్దేశించినది పోటీలో ఆయుధమైనది. ఎదుటివాడు మరొక ఊరిలో, మరొక యంత్రము ముందు కూర్చున్నప్పుడు, నా తెరమీది గడ్డిని నేను తొలగించుకొంటే గడ్డిలో దాగిన అతనికి అన్యాయము చేసినట్లే. ఒంటరిగా ఆడే ఆటలో అమరిక ఇంటివారి సొంత విషయము. పలువురు కలిసి ఆడే ఆటలో అది పదిమంది విషయము. ఈ భేదమును గుర్తించకపోతే ఈ చరిత్రలోని తరువాతి ఘట్టము అర్థము కాదు.

2016 సెప్టెంబరులో జియో సేవలు ప్రారంభమైన పిమ్మట మన పల్లెలకు అంతర్జాలము చవుకగా అందినది. 2018లో పబ్జీ మొబైల్ వచ్చినది. నూరుగురు ఒక ద్వీపములో దిగి చివరివాడు మిగిలేదాక పోరాడే ఆట అది. కంప్యూటరు లేని లక్షలాది ఇండ్లలో ఫోనే ఆటపెట్టె అయినది. రెండు గిగాబైట్ల జ్ఞాపకస్థలముగల ఫోన్లలో ఆ ఆట తడబడేది. అప్పుడు పుట్టుకొని వచ్చినవి జి.ఎఫ్.ఎక్స్. టూల్ అని పిలిచే చిన్న ప్రోగ్రాములు. ఆటను తెరువకముందే దీనిని తెరచి, బొమ్మ కొలత, నీడలు, సెకనుకు బొమ్మల సంఖ్య ఎంచుకొంటే, అది ఆట తాలూకు అమరిక ఫైలును దిద్ది, ఆ తరువాత ఆటను ఆరంభించేది. కాన్ఫిగ్ డాట్ సిస్ దిద్దిన తరమువారు చేసిన పనినే వారి సంతానము, ఆ పేరైనా వినకుండ, అరచేతిలో చేసినది.

ఆ ఆటయొక్క తేలిక కూర్పు 2019 జూలైలో మన దేశములో విడుదలైనది. తయారీదారులే శివారు ఆయకట్టును గుర్తించిన సందర్భమది. 2020 సెప్టెంబరు 2న కేంద్ర ప్రభుత్వము పబ్జీని నిషేధించినది. 2021 జూలై 2న బి.జి.ఎం.ఐ. అన్న పేర దాని భారతీయ రూపము వచ్చి, 2022 జూలైలో తొలగింపబడి, 2023 మే నెలలో తిరిగి వచ్చినది. ఈ రాకపోకలకంటె మన విషయమునకు ముఖ్యమైన మార్పు వేరొకచోట, సద్దు లేకుండ జరిగినది. 2020లో వెలువడిన ఆండ్రాయిడ్ 11వ కూర్పు, ఒక ప్రోగ్రాముయొక్క ఫైళ్ళను మరొక ప్రోగ్రాము ముట్టకుండ కట్టడి చేసినది. దొంగ ప్రోగ్రాములు ఇతరుల సమాచారమును కాజేయకుండ చేసిన రక్షణ అది. దాని అవసరమును కాదనలేము. ఆ గోడతోనే ఆట ఫైలును దిద్దే దారి కూడ చాలవరకు మూసుకొనిపోయినది. మరుసటి సంవత్సరము వచ్చిన 12వ కూర్పు ఒక కొత్త ఏర్పాటు చేసినది. ఆటను చేసినవారి ప్రమేయము లేకుండనే, ఫోను తయారీదారులు ఆట బొమ్మల కొలతను వెలుపలనుండి తగ్గించగలరు. తూము ఉన్నది, తలుపు ఉన్నది. తాళపుచెవి మాత్రము మరల ఇంటినుండి వెలుపలికి పోయినది. ప్యాక్‌మ్యాన్ పెట్టె యజమాని చేతిలో ఉన్నది నేడు ఫోను కంపెనీ చేతిలో ఉన్నది.

దీనికి ఎదురుగా నడుస్తున్న మరొక ప్రవాహమును కూడ చెప్పకపోతే చిత్రము ఒంటికంటి చిత్రమవుతుంది. 2002లో వెలువడిన డాస్‌బాక్స్ అనే ఉచిత ప్రోగ్రాము, నేటి యంత్రములో ఆనాటి డాస్ యంత్రమును నటింపజేస్తుంది. దాని అమరిక అంతయు ఒక సామాన్యమైన అక్షరముల ఫైలులో ఉంటుంది. అందులో 'సైకిల్స్' అనే సంఖ్యను తగ్గిస్తే యంత్రము నెమ్మదిస్తుంది. అదియే మన పాత టర్బో మీట, మరొక జన్మ ఎత్తినది. 1993లో మొదలైన వైన్ అనే ప్రయత్నము విండోస్ ప్రోగ్రాములను లినక్స్‌మీద నడుపుటకు పుట్టినది. దాని ఆధారముతో వాల్వ్ సంస్థ 2018 ఆగస్టులో ప్రోటాన్‌ను, దానిమీద నడిచే స్టీమ్ డెక్ అనే చేతి యంత్రమును 2022 ఫిబ్రవరిలో తెచ్చినది. తమ ఆట ఒకనాడు ఇటువంటి యంత్రముమీద నడుస్తుందని ఊహించనైన ఊహించని రచయితల ఆటలు వేలకొలది నేడు వాటిమీద నడుస్తున్నవి. మొండికేసిన ఆటకు ఆరంభపు గడిలో వ్రాసే ఒకటి రెండు మాటలతో దారి దొరికిన సందర్భములు అనేకము. చేసిన సంస్థ మూతపడినను, అమరిక ఫైలు అందరూ చదువదగిన అక్షరాలలో ఉన్న ఆటను బ్రతికించుకొనుట సులభము. తాళము వేసిన ఆట తన యంత్రముతోపాటే అంతరించిపోయే ప్రమాదము ఎక్కువ.

ఇంటిలో ఈ పనికి పూనుకొనే పిల్లలకును, వారిని కనిపెట్టి ఉండే పెద్దలకును నాలుగు మాటలు చెప్పుట అనుచితము కాదు. ఏ ఫైలును దిద్దబోయినను ముందుగా దాని నకలు ఒకటి వేరుగా దాచుకొనవలె. ఒకమారు ఒక్క సంఖ్యనే మార్చి, ఆట తెరచి చూచి, ఆ పిమ్మటనే రెండవదానిని ముట్టవలె; అయిదింటిని ఒక్కసారి మార్చినవానికి చెడినది దేనివల్లనో తెలియదు. మొదట బొమ్మ కొలతను, తరువాత నీడలను తగ్గించి చూచుట మంచిది. సామాన్యముగా యంత్రముమీది భారము దిగేది అక్కడనే. చిత్రపు కార్డు డ్రైవరును దాని తయారీదారువద్దనుండియే తెచ్చుకొనవలె. ఆటను మెరుపువేగముతో నడిపిస్తామని చెప్పే ఊరు పేరు లేని ప్రోగ్రాములను ఫోనులో ప్రవేశపెట్టరాదు. ఆట ఫైలును దిద్దుటకు అనుమతి అడిగినది ఇంటి రహస్యములను కూడ చదువవచ్చును. పలువురు కలిసి ఆడే ఆటలలో నిర్వాహకుల నియమములు ముందుగా చదువవలె. నియమము ఒప్పనిచోట వెలుపలి అమరిక మోసము క్రిందకు వస్తుంది, ఖాతా పోతుంది.

మొత్తముమీద ఈ చరిత్ర బోధించేది ఒక్కటే. ఆటలను చేసేవారు తమ ఎదుటనున్న మంచి యంత్రమును దృష్టిలో పెట్టుకొని చేస్తారు, అది సహజము. లోకములోని యంత్రములన్నియు అట్టివి కావు. గుడివాడలో అన్న వాడి విడిచిన కంప్యూటరు, అవనిగడ్డలో మూడేండ్లనాటి ఫోను, ఇవన్నీ ఆ కాలువకు శివారు పొలములే. అక్కడికి నీరు చేరవలెనంటే, చేసినవారు తలుపు ఒకటి వెలుపల విడిచిపెట్టవలె. ఆడేవారు దానిని త్రిప్పుట నేర్చుకొనవలె. ఆ నేర్పు ఇంగ్లీషు తెలిసిన కొద్దిమంది సొత్తుగా మిగలకుండ తెలుగులో వ్రాసి అందుబాటులో ఉంచవలె. ఇందులో మొదటి పని మన చేతిలో లేదు. తక్కిన రెండును మనవే.